శనివారం రేడియోలో ఎల్బర్ట్ పాట

శనివారం పొద్దున్నే ఎల్బర్ట్ పెట్టుకున్నది చిన్న పని. పెళ్లాం ఒడెస్సా కొట్టంలో పాలు పితికి వచ్చేలోగా రేడియోలోంచి బ్యాటరీ తీసి దాచాలి. అంతే.

పోయిన వారం అతడు గిటారు భుజాన వేసుకొని కొండ దిగి, పట్నంలో రేడియో వాళ్ల దగ్గర ఒక పాట పాడి వచ్చాడు. పెళ్లాం మీద పాట. ఆమె గురక రంపపు మిల్లుకు పోటీ అనీ, ఆమె రొట్టె చక్రం కింద పెడితే లారీ కదలదనీ. వాళ్లు పడీపడీ నవ్వి, శనివారం మధ్యాహ్నం వేస్తామన్నారు. పాటలో ఆమె పేరు లేదు. వాళ్ల కుక్క పేరు ఉంది. కెంటకీ కొండల్లో ఆ లోయ మొత్తానికి బిషప్ అనే కుక్క ఒక్కటే. ఆ సంగతి ఇంటికొచ్చాక, బిషప్ తోక ఊపుతూ ఎదురొస్తే తట్టింది.

అప్పటి నుంచి అతడికి తిండి సహించలేదు. మునుపొకసారి చర్చి విందులో ఆమె వంట మీద నోరు జారాడు. ఆమె పెట్టె సర్దుకొని పుట్టింటికి పోయింది. పొగాకు కోతలయ్యాక గాని రాలేదు. "ఇంకోసారి నలుగురిలో నన్ను నవ్వులపాలు చేస్తే, ఇక రాను" అని చెప్పి మరీ లోపలికి వచ్చింది.

బ్యాటరీని కోళ్లగూట్లో గడ్డి కింద దాచాడు.

"రేడియో పలకదేమయ్యా?" అంది ఒడెస్సా, పాల బకెట్టు దించుతూ.

"పాతదైపోయిందే."

"పోనీలే, ట్రక్కులో ఉందిగా. అందులో వింటా."

ఎల్బర్ట్ బయటికి పరుగెత్తాడు. ట్రక్కు కింద దూరి చేతికందిన వైర్లన్నీ పీకాడు. రేడియో చచ్చింది. ట్రక్కూ చచ్చింది.

"అయితే చర్చికి నడుద్దాం పద. ఆడవాళ్లంతా బొంత కుడుతున్నారు. అక్కడ రేడియో ఉంది."

"నాకు కడుపునొప్పే!"

"నడిస్తే అదే తగ్గుద్ది."

చర్చి ముందు బాంజో వాయించే హోబర్ట్ నిచ్చెనెక్కి లౌడ్‌స్పీకరు కడుతున్నాడు. "రారా ఎల్బర్టూ! నీ పాట వేస్తామని పొద్దున రేడియోలో చెప్పారు. లోయంతా వినాలని!"

ఇంట్లో ఉంటే ఒక్క మనిషి వినేది. ఎల్బర్ట్ లోపలికి పోయి తలుపు పక్క బల్ల మీద కూలబడ్డాడు.

పాట మొదలైంది. రొట్టె దగ్గర నవ్వారు. కుక్క పేరు రాగానే నవ్వు ఆగింది. అందరూ ఒడెస్సా వైపు తిరిగారు. ఆమె కత్తెర తీసుకుంది. ఎల్బర్ట్ కళ్లు మూసుకున్నాడు. దారం తెగిన చప్పుడు మాత్రమే వినిపించింది.

"ఇప్పుడు దీనికి జవాబు పాట. గురువారం ఒకావిడ వచ్చి పాడి వెళ్లింది" అంది రేడియో.

మగాడు పాట కడితే ఆడది జవాబు కట్టడం ఆ కొండల్లో ఉన్నదే. ఎల్బర్ట్‌కే గుర్తులేదు. గొంతు ఒడెస్సాది.

"కుక్కకైతే పాడతాడు, నన్ను చూస్తే నోరు రాదు,
పాట బయటికొచ్చే రోజు చూడండమ్మా మావాణ్ణి,
రేడియో గొంతు నొక్కుతాడు, ట్రక్కు పేగులు లాగుతాడు,
నడవమంటే కడుపు పట్టుకుంటాడు!"

అందరూ ఎల్బర్ట్ చేతులకున్న గ్రీజు చూశారు. చర్చి కప్పు ఎగిరిపోయేలా నవ్వారు.

"నీకెలా తెలిసిందే?" అన్నాడు ఎల్బర్ట్.

"కొట్టంలో రోజూ కుక్కకు పాడి వినిపిస్తివి, శనివారం రేడియోలో వస్తుందనీ దానికే చెప్తివి. గోడకి ఇవతల ఆవు దగ్గర ఉన్నది ఎవరనుకున్నావ్? ఇక నీ వేషాలంటావా, నాకు తెలియనివా?"

"మరి... మీ అమ్మ దగ్గరికి పోతావా?"

"ఎట్లా పోను? వచ్చే శనివారం మళ్లీ పాడమన్నారు. నన్ను. గిటారు మోయడానికి మనిషి కావాలి."

సాయంత్రం బ్యాటరీ తెద్దామని ఎల్బర్ట్ గూట్లో చెయ్యి పెడితే, దాన్ని పొదుగుతున్న పెట్ట పొడిచింది.