ధిక్కారం సీటు

నా రాతలో ఒత్తులు తప్పితే మన్నించాలి. మా ఆయన పోయాక, ఆయన కేసులో వారసురాలిగా వేలిముద్ర వేయడానికి మనసొప్పక అక్షరాలు దిద్దుకున్నాను. నిదానంగా రాస్తాను. మా కేసు నడిచిన తీరు తెలిసినవారు మాత్రం నన్ను తొందరమనిషి అంటారు.

మనుషులు కనిపెట్టిన వాటిలో కోర్టు ధిక్కారం కేసంత చక్కగా ప్రమోషన్లు ఇప్పించేది మరొకటి లేదు. (ఎవరికి అన్నది వేరే సంగతి.)

మా ఆయన నీళ్ల సరఫరా ఆఫీసులో పంపు ఆపరేటరు. ఫోర్‌మన్ కుర్చీ తనకు రావలసి ఉండగా, పంపు చప్పుడు పడక చెవుల్లో దూది పెట్టుకునే మరొకరికి ఇచ్చారు. మా ఆయన కోర్టుకెళ్లి గెలిచారు. ప్రమోషన్ ఇమ్మని కోర్టు చెప్పింది. ఆఫీసు ఇవ్వలేదు. అందుకని ధిక్కారం కేసు వేశారు. జీతం తేడా మీద ఆయనకు ఆశ లేదు. గేటు దగ్గర కాపలా మనిషి ఒక్కసారి 'ఫోర్‌మన్ గారూ' అని పిలిస్తే చాలన్నారు.

ఆఫీసును బోనులో నిలబెట్టలేరు కనుక, ప్రమోషన్ కాగితం మీద సంతకం పెట్టాల్సిన కుర్చీలో ఉన్న అధికారిని కోర్టు పేరు పెట్టి పిలిచింది. వాయిదా నాటికి ఆయన ఆ కుర్చీలో లేరు. ప్రమోషన్ మీద పెద్దాఫీసుకు వెళ్లిపోయారు. కొత్తగా వచ్చినాయన ఫైలు చదువుకోవడానికి గడువు అడిగారు. చదవడం పూర్తికాక ముందే ఆయనకూ ప్రమోషన్ వచ్చింది. (జైలు గుమ్మం దాకా వచ్చిన మనిషిని కాపాడుకోవడం ఆఫీసు ధర్మం. కింద నుంచి నెట్టలేరు కాబట్టి పై నుంచి లాగుతారు.)

కొన్నాళ్లకు ఆ అధికారి కుర్చీకి ధిక్కారం సీటు అని పేరు పడింది. సిఫార్సులు మొదలయ్యాయి. ఇదివరకు ధిక్కరించే అవకాశం రానివారికే ముందు ఇవ్వాలని ఆఫీసు నియమం కూడా పెట్టింది. ఒక అధికారి పళ్లు పట్టుకుని మా ఇంటికే వచ్చి, మంచం పట్టిన మా ఆయన చేయి నిమిరారు.

"అన్నా, రాజీ మాత్రం పడకండి. నా వంతు వచ్చేదాకా ఓపిక పట్టండి."

"మరి నా వంతో?" అన్నారు మా ఆయన.

"మీదెక్కడికి పోతుందన్నా? కోర్టు ఆర్డరుంది కదా."

ఎద్దు పుండు కాకికి ముద్దా అంటారు. కాకి వచ్చి పుండు జాగ్రత్త అని చెప్పి వెళ్లడం నేను కళ్లారా చూశాను.

ఆ అధికారికి వంతు వచ్చింది. మా ఆయనకు చావు వచ్చింది.

తర్వాత జడ్జిగారికి కోపం వచ్చింది. ఈసారి ఆ సీట్లో ఎవరుంటే వారు జైలుకే అన్నారు. వెంటనే ఆఫీసు వారు మా ఆయనను ఫోర్‌మన్‌ను చేశారు. స్వయంగా వచ్చి చేరాలని షరతు. ఆయన లేరని నేను వెళ్లి చెప్పాను. గుమాస్తా నొచ్చుకున్నాడు.

"తెలుసమ్మా. చాలా మంచి మనిషి. కానీ రాలేనని లీవు పెట్టలేదు కదా."

ఆయన వచ్చి చేరలేదు. కోర్టు చెప్పి ఇప్పించిన ప్రమోషన్‌ను ఖాతరు చేయలేదని ఆఫీసు ఆయన మీదే ధిక్కారం కేసు వేసింది. వేసిన అధికారికి ప్రమోషన్ వచ్చిందని వేరే చెప్పనక్కర్లేదు.

నోటీసు పట్టుకుని కోర్టు బంట్రోతు మెట్లెక్కి వచ్చాడు. ఆయాసం తీర్చుకుని, ఇరుగుపొరుగు వినేలా అడిగాడు.

"ఫోర్‌మన్ గారి ఇల్లు ఇదేనా అమ్మా?"

"ఇదే నాయనా" అన్నాను. సంతకం పెట్టి తీసుకున్నాను.

ఇది నిలిచే కేసు కాదని, మొదటి వాయిదాలోనే కొట్టేయిస్తానని లాయరు గారు అన్నారు. తొందరపడొద్దన్నాను. వీలైనన్ని వాయిదాలు అడగమన్నాను.

ఇట్లు,
ఫోర్‌మన్ గారి భార్య,
వయసు డెబ్బై ఒకటి,
ప్రస్తుతం కోర్టు వెనక సందులో, మేడ మీది గది.