ఎండ పుణ్యమా అని కెన్యా

కువైట్ ఎండను తిట్టేవాళ్ళను చూస్తే నాకు జాలేస్తుంది. యాభై డిగ్రీలట! అయితే ఏం? ఆ ఎండే లేకపోతే మనలాంటివాళ్ళం పైసా ఖర్చు లేకుండా దేశాలు చూడగలమా?

ఇక్కడ కువైట్‌లోని హవల్లీలో ఏసీలు బాగుచేసి బతికేవాణ్ణి కాబట్టి ఎండను వెనకేసుకొస్తున్నానని అనుకోకండి. నాది పూర్తిగా నిష్పక్షపాతమైన అభిప్రాయం. కావాలంటే వెంకటేశ్వరి సంగతే వినండి.

ఆమెది రాయచోటి పక్క పల్లె. ఇక్కడే ఎగైలా అనే పేటలో ఒక కువైటీ ఇంట్లో పనిచేస్తుంది. కడపలో ఉన్న కూతురికి జూలైలో తొలి కాన్పు. ఆ నెలకు సెలవు కావాలని చలికాలంలోనే మామాను అడిగి పెట్టుకుంది. మామా అంటే మేనమామ కాదు, ఇంటి యజమానురాలు. ఇక్కడ పనివాళ్ళు అలాగే పిలుస్తారు.

మామా సరేనంది. జూన్ వచ్చింది. ఎండ ముదిరింది. మామా మనసు మారింది.

"పిల్లల్ని తీసుకుని కెన్యా పోతున్నాం. నువ్వూ రా, నీకూ రెస్ట్. ఊరికి ఎండలు తగ్గాక పోదువుగాని. ఖలాస్!" అంది.

చూశారా ఎంత దయో! సెలవడిగితే ఏకంగా ఖండమే దాటించింది! టికెట్టు, వీసా, హోటలు అన్నీ ఉచితం. ముగ్గురు పిల్లల్నీ వాళ్ళ నాయనమ్మనూ చూసుకోవడం మాత్రం ఆ రెస్టులో భాగం.

సామాను సర్దుతూ, స్వెట్టర్లు పెట్టమంటారా అని వెంకటేశ్వరి అడిగిందట. మామా భర్త పిల్లల గ్లోబు తిప్పి చూశాడు. భూమధ్యరేఖ సరిగ్గా కెన్యా మీదుగానే పోతోంది. "అక్కడ చలేమిటి? నూలు బట్టలు చాలు" అన్నాడు. నున్నటి గ్లోబు మీద కొండలు చేతికి తగలవు కదా, ఆయన తప్పేముంది?

వాళ్ళు దిగింది కొండల మధ్య ఊళ్ళో. పొద్దున లేచి చూస్తే కిటికీ బయట పొగమంచు తప్ప ఏమీ కనపడలేదు. సన్నటి జల్లు. నోరు తెరిస్తే ఆవిరి. నాయనమ్మ పళ్ళు టకటకలాడాయి. మామా హోటలు మేనేజరును పిలిపించి, ఇక్కడ ఎండాకాలం ఎప్పుడొస్తుందని నిలదీసింది.

ఆయన మర్యాదస్తుడు. "మీ దగ్గరలాగా ఇక్కడ ఎండాకాలం వేరు, చలికాలం వేరు అని ఉండదు మేడమ్. వానలొచ్చే నెలలు కొన్ని, మిగతాదంతా ఎత్తును బట్టి. సముద్రం పక్కన చెమట, కొండ మీద వణుకు. మీరు కొండెక్కారు. అందులోనూ జూలై మాకు చల్లటి నెల" అన్నాడు.

ఆ సాయంత్రమే స్వెట్టర్లు కొన్నారు. పిల్లలకు, నాయనమ్మకు, మామాకు. వెంకటేశ్వరి సైజు మాత్రం షాపులో దొరకలేదట. హోటలు దుప్పటి కప్పుకోమన్నారు. దుప్పటికైతే సైజుతో పనేముంది?

మర్నాడు కూతురు వీడియో కాల్ చేసింది. ఆడపిల్ల. వెంకటేశ్వరి హోటలు వరండాలో నిలబడి, ఫోను ముఖానికి ఆనించుకున్నంత దగ్గరగా పెట్టుకుని మనవరాలిని చూసింది. బొమ్మ ఆగి ఆగి వస్తోంది.

"యాడుండావమ్మా? ఆ దుప్పటేంది?" అంది కూతురు.

"ఆఫ్రికాలో ఉండా."

"ఆడేం చేస్తాండావు?"

"చల్లగా ఉండా లే. నువ్వు తలకు గుడ్డ కట్టుకో, చెవుల్లోకి గాలి పోతాది."

లోపల మామా చిన్నకొడుకు ఏడ్చాడు. వెంకటేశ్వరి ఫోను పెట్టేసింది. విషయం తెలిసి మామా ఎంతో సంతోషించి, ఆమె చేతిలో చాక్లెట్ పెట్టింది.

అక్టోబరు మొదట్లో వాళ్ళింట్లో ఏసీ చెడిపోతే నేను వెళ్ళాను. వంటింట్లో టీ కలుపుతూ ఆమే ఇదంతా చెప్పింది.

"ఎండలు తగ్గాయి కదండీ, మరి ఎప్పుడు బయల్దేరుతున్నారండీ?" అన్నాను.

"స్కూళ్ళు తెరిచినారు, ఇప్పుడు గాదనింది. చలికాలం టెంట్లేసుకుని ఎడారికి పోవల్లంట. ఆపైన రంజాన్ అంట. నేనింక తట్టుకోలేక, టికెట్ తియ్యకుంటే ఎంబసీకి పోతా మామా అని చెప్పేసినా అన్నా."

"ఏమన్నారండీ?"

"మాపటికి వచ్చి, ఇప్పుడు మీ ఊర్లో వానలు గదా, ప్రయాణానికి బాగుండదేమో అనింది."

నాకు నవ్వొచ్చింది. ఆమెకు రాలేదు.

"నా బిడ్డింటికి నేను పోయేకి వానేంది, ఎండేందన్నా? తియ్యమన్నా. తీసింది" అంటూ గ్లాసు నా చేతికిచ్చింది.

పోయిన వారం వెళ్ళింది. ఎండ మీద నాకైతే ఇప్పటికీ ఫిర్యాదు లేదు. అది రావలసిన నెలకు వస్తుంది, పోవలసిన నెలకు పోతుంది. వెంకటేశ్వరి సెలవు కూడా అలాగే వచ్చి ఉంటే, ఆ పసిదాని తొలి ఏడుపు ఆమె దగ్గరుండి వినేది.