జాతీయ సాహస రచయిత ప్యో మన్‌సిక్

దేశ యువతలో సాహసం తగ్గిపోయిందని ప్రభుత్వం గుర్తించి, దాన్ని పెంచడానికి వెంటనే కమిటీ వేసింది. కమిటీ మూడు నెలలు శ్రమించి మా ప్యో మన్‌సిక్ గారిని 'జాతీయ సాహస రచయిత'గా ప్రకటించింది. సియోల్ పత్రికలన్నీ మొదటి పేజీలో వేశాయి. ఫొటో మాత్రం వేయలేదు. ఎవరి దగ్గరా లేదు.

చుంగ్‌మురో సినిమా వీధిలో ప్యో గారు ముప్ఫయ్యొక్క సాహస చిత్రాలు రాశారు. తెరమీద పేరు రెండుసార్లు పడింది, ఒకసారి తప్పుగా. అన్నిటికీ సాఫు ప్రతి రాసింది నేనే.

శుక్రవారం మంత్రిగారు పతకం ఇస్తారు. ఆలోపు కొత్త స్క్రిప్టు కావాలి. సాంస్కృతిక అధికారి తాక్ గారు సోమవారమే మమ్మల్నిద్దర్నీ ఒక లాడ్జి మేడగదిలో పెట్టి బయట తాళం వేయించారు. రచయితల ఏకాగ్రత అంటే ఆయనకు అంత శ్రద్ధ.

మొదటి సీను చదివి ఆయన కళ్లద్దాలు తీశారు.

"ఈ తుఫానేంటి మాస్టారూ?"

"హీరో పడవ మునగాలి కదండీ."

"వాతావరణ శాఖ ముందే చెప్పలేదంటారా? వాళ్లది మా పక్క బిల్డింగే. తీసేయండి."

"పోనీ, సముద్రపు దొంగలు..."

"మన సముద్రంలో దొంగలా? నేవీ వాళ్లేమనుకుంటారు?"

"అయితే హీరో ఈదుకుంటూ వెళ్తాడు."

"ఎటువైపు? ఉత్తర కొరియాకా?" తాక్ గారి గొంతు మారింది.

"ఇంటికేనండీ!"

"అసలు ఇంట్లోంచి కదలకపోతే ఈ అవస్థే ఉండదుగా!"

బుధవారానికి హీరో ఇంట్లో కూర్చుని అనుమతి పత్రం కోసం ఎదురుచూస్తున్నాడు. తాక్ గారి కళ్లు చెమర్చాయి. "సాహసమంటే ఇదీ! ఏటా పన్నెండు రాయండి. గది మీకే ఉంచేస్తాం."

ఆయన వెళ్లాక ప్యో గారు కలానికి మూత పెట్టారు.

"తమ్ముడూ, ఇంతమందిని సముద్రంలో ముంచాను. ఆ సముద్రాన్ని ఒక్కసారీ చూడలేదు. బుసాన్ రేవుకి వెళ్లొస్తాను."

"మాస్టారూ, తలుపుకి తాళం ఉంది. మీకు యాభై ఎనిమిదేళ్లు."

"స్క్రిప్టులో ఇరవయ్యారని రాసుకో," అంటూ కిటికీ దాటి, నీళ్ల గొట్టం పట్టుకుని దిగిపోయారు. గోడ దగ్గర ఒక చెప్పు జారిపోయింది. దానికోసం ఆగలేదు.

మర్నాడు ఖాళీ పరుపు చూసి తాక్ గారు కూలబడ్డారు. జాతీయ సాహస రచయిత పారిపోయాడని మంత్రిగారికి ఎలా చెప్పడం?

"ఆయన మొహం ఎవరికి తెలుసు?" అని అడిగారు.

"ఎవరికీ తెలీదండీ."

"నీది?"

"నాదీ అంతేనండీ."

ఆయన తన కోటు విప్పి నాకు తొడిగారు.

శుక్రవారం మంత్రిగారు నా మెడలో పతకం వేసి, చిన్నప్పటి నుంచీ తాను నా అభిమానినని చెప్పారు. ఆయన నాకంటే ఇరవై ఏళ్లు పెద్ద. చప్పట్లు మోగాయి. అంతలో ఎవరో మర్యాద తెలిసినవాళ్లు రచయితగారి భార్య ఓక్‌బున్ గారిని వేదిక ఎక్కించారు.

ఆవిడ నన్ను చూసి ఆగిపోయారు. తాక్ గారి మొహంలో నెత్తురుచుక్క లేదు.

ఆవిడ మెల్లగా దగ్గరికొచ్చి నా కాలరు సరిచేశారు.

"నాలుగు రోజులు లాడ్జిలో ఉండి ఎంత కుర్రాడిలా అయిపోయారండీ! సర్కారు తిండి బాగా పడినట్టుంది."

మంత్రిగారు వెంటనే సెక్రటరీని పిలిచి, ఆ లాడ్జి పేరు రాసుకోమన్నారు.