ఏనుగుల పెళ్లి ఎంక్వయిరీ

ఒక పెద్ద అడవిలో, ఆకులకంటే శుభలేఖలే ఎక్కువ రాలే మాఘమాసంలో, ముల్లేశ్వరి అనే పడుచు ముళ్లపందికి పిచ్చెక్కిపోయింది.

వాళ్లక్క శలాక పెళ్లి శుక్రవారం. పొద్దున పది నలభైకి ముహూర్తం. ఇవాళేమో సోమవారం. డెకరేషన్ వాడు పలకడు, వంటవాడు పలకడు, బ్యాండు వాడు అసలే పలకడు.

"పనులన్నీ నేను చూస్కుంటాలే అక్కా" అని చుట్టాలందరి ముందూ బిల్డప్ ఇచ్చింది ముల్లేశ్వరే. ఇప్పుడు పెళ్లి ఆగిందా, అక్క పీటల మీద ఏడుస్తుంది, చుట్టాలు దీన్ని తరిమి తరిమి గుచ్చుతారు.

ఆ అడవిలో కబుర్లన్నీ పచ్చయ్య అనే రామచిలక మోస్తాడు. విన్నది విన్నట్టు, గొంతుతో సహా అప్పజెప్పేస్తాడు.

"అన్నా, డెకరేషన్ అల్లికరావు ఏమన్నాడు?" అని ఎదురెళ్లింది ముల్లేశ్వరి. అల్లికరావంటే గిజిగాడు. మండపాలు అల్లడంలో తోపు.

"విన్నాడు."

"విని?"

"తలకాయ ఊపాడు."

"ఊపి?"

"ఊపాడమ్మాయ్, అంతే. మళ్లీ గూడు అల్లుకుంటూ కూర్చున్నాడు."

"ఇది పద్నాలుగోసారి అన్నా!" ముల్లేశ్వరి వీపు మీద ముళ్లన్నీ టపటపా లేచాయ్. "నేనడిగింది ఒక్క ముక్క! ముళ్లమీంచి దిగేలా దండలు వదులుగా కడతారా లేదా? మామూలు దండైతే మా అక్క మెడదాకా రాకముందే పచ్చడైపోద్ది!"

వంటల బొచ్చయ్య, అంటే ఎలుగుబంటి, "దార్లో ఉన్నా" అని పది రోజులైంది. ఏ దారో తెలీదు. బ్యాండు బురదరాజు అనే కప్ప "రెండు నిమిషాల్లో చెప్తా" అని నీళ్లలోకి మునిగాడు, ఇంకా తేల్లేదు.

"అడ్వాన్సు తాంబూలం ఇవ్వకముందు ముగ్గురూ రోజుకి మూడుసార్లు కబురు పెట్టేవాళ్లన్నా. 'తిన్నారా మేడమ్, పడుకున్నారా మేడమ్' అని. తాంబూలం పుచ్చుకున్నారు, నోళ్లు పడిపోయాయ్!"

"మరి ఇంకెక్కడికి పోతావులే అని ధీమా. అదే కొత్త పార్టీ అయితే చూడు, నేను కొమ్మ మీద వాలకముందే జవాబు చెప్తారు."

ముల్లేశ్వరి కళ్లు మెరిశాయ్. "అన్నా, నువ్వు ఏనుగు గొంతు చేస్తావా?"

"ఛ ఛ, డ్యూటీలో మిమిక్రీ చెయ్యకూడదమ్మాయ్." పచ్చయ్య గొంతు సవరించుకున్నాడు. "ఆడ ఏనుగా, మగ ఏనుగా?"

"కానీ నిన్ను చూసి నా కబురే అని పట్టేస్తారేమో?"

"పద్నాలుగుసార్లు వెళ్లా. ఒక్కసారైనా నా మొహం చూస్తే కదా!"

ముందు అల్లికరావుకి కబురు వెళ్లింది. "నేను ఏనుగుల మడుగు గజలక్ష్మిని. శుక్రవారం పది నలభైకి మా అమ్మాయి పెళ్లి. మూడొందల ఏనుగులొస్తాయ్. దంతాలమీంచి దిగేలా దండలు వదులుగా కడతారా?"

కావాలనే అదే రోజు, అదే ముహూర్తం పెట్టింది. 'ఆ రోజు ముళ్లపందుల పెళ్లి ఉందండీ' అన్నాడంటే మనం గుర్తున్నట్టే కదా అని.

పచ్చయ్య వెళ్లినంతసేపు పట్టలేదు రావడానికి. "కడతాం మేడమ్! ఎంత వదులంటే అంత వదులు! ఆ రోజు మేం ఫుల్ ఖాళీ మేడమ్! ఇంతకీ తిన్నారా మేడమ్?"

బొచ్చయ్యా ఖాళీయే. బురదరాజు అయితే నీళ్లలోంచి ఎగిరి మరీ "మీకోసం కొత్త పాట కడతాం మేడమ్" అన్నాడు.

ముల్లేశ్వరికి ఒళ్లు మండాలి కదా? మండలేదు. ఇరవై రోజుల తర్వాత మొదటిసారి ఎవరో జవాబు చెప్తుంటే మహా హాయిగా ఉంది. పొయ్యి ఎన్నింటికి వెలిగిస్తారు, బ్యాండులో ఎంతమంది, అరిటాకులు ఎవరు తెస్తారు, అడిగిందే అడిగింది. ఆ ఊపులో ముగ్గురికీ టేకాకుల్లో తాంబూలం కూడా పంపేసింది. ఏనుగులకి తమలపాకు ఏం ఆనుతుందిలే అని.

బుధవారం పచ్చయ్య తల వేలాడేసుకుని వచ్చాడు. "ముగ్గురూ మీ పెళ్లి క్యాన్సిల్ చేశారమ్మాయ్. అత్తగార్లు పోయారంట."

"ముగ్గురికీనా?"

"ఒకేసారి."

"బురదరాజుకి అసలు పెళ్లే కాలేదు కదన్నా!"

లేని ఏనుగుల కోసం ఉన్న అక్క పెళ్లి పోయింది. "వెళ్లన్నా, గజలక్ష్మి కూతురి పెళ్లి ఆగిపోయిందని చెప్పు, త్వరగా!"

పచ్చయ్య వెళ్లొచ్చాడు. "విన్నారు. తలకాయలు ఊపారు."

"ఊపడమేంటన్నా! వద్దంటున్నాం కదా!"

"నువ్వు తాంబూలం ఇచ్చేశావుగా. ఇప్పుడు గజలక్ష్మి కూడా పాత పార్టీయే."

ఈలోగా శలాక వచ్చింది. అంతా విన్నట్టుంది, ముళ్లు నిక్కబొడుచుకుని ఉన్నాయ్. "ఏమే, శుక్రవారం నా పెళ్లి ఉందా లేదా? ఒక్క ముక్క చెప్పు."

"ఉందక్కా. కానీ మనింట్లో కాదు."

శుక్రవారం పొద్దున్నే పెళ్లివారంతా ఏనుగుల మడుగుకి నడిచారు. అక్కడ మండపం చూసి నోళ్లు తెరిచారు. స్తంభాలు తాడిచెట్లంత. పీటలు బండరాళ్లంత. వంద కప్పల బ్యాండు. గంగాళాల్లో ముళ్లపందులు ఈత కొట్టొచ్చు.

"ఏనుగులేవి? మీరెవరు?" అని అడ్డొచ్చాడు అల్లికరావు. నిజంగానే గుర్తుపట్టలేదు వెధవ.

ముల్లేశ్వరి గడ్డం పైకెత్తింది. "గజలక్ష్మి మేడమ్ పంపించారు. ఇవాళ ట్రయల్ పెళ్లి. మీరు పుచ్చుకున్న తాంబూలం దీనికే. అసలు పెళ్లి ఎవరికివ్వాలో మేడమ్ ఇంకా చూస్తున్నారు. నాలుగు చోట్ల అడుగుతున్నారు. మీ పనెలా ఉందో నేను చెప్పాలి."

నాలుగు చోట్ల అనే మాట వినగానే ముగ్గురికీ ఎక్కడలేని వినయం వచ్చేసింది.

"బొచ్చయ్యగారూ, మీ అత్తగారు పోయారంట?"

"ఏ అత్తగారమ్మా? మీరు ముందు పాయసం రుచి చూడండి!"

పది నలభైకల్లా పెళ్లికొడుకుని పీట మీదికి నలుగురు ఎత్తి కూర్చోబెట్టారు. ఏనుగు దండ ఎత్తడం ఎవరి వల్లా కాలేదు. దాన్ని నేలమీద గుండ్రంగా పరిచి, ఇద్దర్నీ మధ్యలో నిలబెట్టారు. ఒక్క ముల్లుకి ఒక్క రేకు తగల్లేదు. పురోహితుడు కొంగ పైనుంచి తొంగిచూస్తూ మంత్రాలు అరిచాడు. దండ లోపల తాళి పడింది. బయటివాళ్లకి ఏం కనపడలేదు, శలాక నవ్వు మాత్రం వినపడింది.

ఒక పెదనాన్న పాయసం గంగాళంలో జారిపడి, పైకి లాగేదాకా తాగుతూనే ఉన్నాడు.

పెళ్లయ్యింది కానీ ముల్లేశ్వరికి మనశ్శాంతి పోయింది. తెల్లారితే పచ్చయ్య వాలతాడు. "బొచ్చయ్య అడుగుతున్నాడు, మేడమ్ ఏమన్నారని." మధ్యాహ్నం అల్లికరావు. సాయంత్రం బురదరాజు, కొత్త పాటతో సహా. అడవిలో ఏ పెళ్లివాళ్లు పిలిచినా ముగ్గురూ "ఆ రోజు ఏనుగులది ఉండొచ్చు" అని ఖాళీ పెట్టుకుంటున్నారంట.

"నిజం చెప్పేద్దామా అమ్మాయ్? పాపం, వాళ్లు అన్నం కూడా సరిగ్గా తినట్లేదు" అన్నాడు పచ్చయ్య.

ముల్లేశ్వరి వీపు గోక్కుంది.

"వచ్చే నెల మా బాబాయి కూతురి పెళ్లి ఉందన్నా. మేడమ్ ఇంకో ట్రయల్ చూస్తానన్నారని చెప్పు."

నీతి: జవాబులు కావాలంటే జీవితాంతం ఎంక్వయిరీగానే ఉండండి, కస్టమర్ అయ్యారో మీ ఖర్మ.