పద్నాలుగో నంబరు ఇంట్లో ఎవరూ లేరు

1996 మార్చి 9, శనివారం ఉదయం పదిన్నరకు, డర్బన్ నగరంలోని పంపు లేన్‌లో, ముప్పై ఏళ్లుగా ఎవరూ నివసించని పద్నాలుగో నంబరు ఇంటి తలుపు తెరుచుకుంది. లోపలి నుంచి ఒక స్త్రీ వచ్చి, వాకిట్లో మౌనం పాటిస్తున్న పన్నెండు మందిని టీ తాగుతారా అని అడిగింది.

మౌనం కార్యక్రమంలో భాగం. టీ కాదు.

గతం ఉన్న ప్రతి నగరానికీ దాన్ని చూపించే బాధ్యత ఉంటుంది. చూపించడానికి ఒక కార్యాలయం ఉంటుంది. డర్బన్‌లో ఆ కార్యాలయం పేరు నగర నడకల, జ్ఞాపకాల తాత్కాలిక సమన్వయ మండలి. (అప్పటికి దేశంలో రాజ్యాంగంతో సహా అన్నీ తాత్కాలికమే. మండలి కుర్చీలు మాత్రం పాత తెల్లవాళ్ల ప్రభుత్వం నుంచి వచ్చాయి. అవి శాశ్వతం.)

మండలి శనివారాల్లో ఒక చిన్న నడక యాత్ర నడుపుతుంది. అది గ్రే స్ట్రీట్‌లో మసీదు ముందు మొదలై, మార్కెట్ దాటి, వార్విక్ దగ్గర టాక్సీల మధ్య నుంచి బతికి బయటపడి, పంపు లేన్‌లో ముగుస్తుంది. గైడు పేరు హెరాల్డ్. చేతిలో పచ్చ జెండా ఉంటుంది. ఏ మలుపులో ఏం చెప్పాలో మండలి అతనికి రాసి ఇచ్చింది. ఒక్క మాట మార్చినా లైసెన్సు పోతుంది. మార్కెట్ దగ్గర "మసాలాల ఘాటు మిమ్మల్ని పలకరిస్తోంది" అనాలి. మార్కెట్ మూసి ఉన్న రోజు కూడా పలకరిస్తుంది.

పంపు లేన్‌లో చెప్పవలసింది ఇది: "1966లో గ్రూప్ ఏరియాస్ చట్టం కింద ఈ వీధిని తెల్లవాళ్లకు కేటాయించారు. ఇక్కడి భారతీయ కుటుంబాలన్నిటినీ లారీల్లో ఎక్కించి చాట్స్‌వర్త్‌కు పంపారు. ఒక్కరూ మిగల్లేదు. ఒక్కరూ తిరిగి రాలేదు. ఈ ఖాళీ ఇల్లు అందుకు సాక్షి." తరువాత రెండు నిమిషాలు మౌనం.

ఆ ఖాళీ ఇంట్లో సావీ నాయుడు, ఆమె భర్త కిష్టసామి ఉంటున్నారు. వాళ్లను 1966లో ఎవరూ ఖాళీ చేయించలేదు. పాత ప్రభుత్వపు పటంలో పద్నాలుగో నంబరు పంపు హౌస్ అని ఉంది. పంపును జాతి ప్రకారం తరలించే నిబంధన చట్టంలో లేదు. అధికారులు చట్టాన్ని అక్షరం తప్పకుండా అమలు చేసి, మిగతా ఇళ్లు కూల్చి వెళ్లిపోయారు. (తెల్లవాళ్లెవరూ అక్కడికి రాలేదు. రైలు పట్టాల పక్కన ఉండడం వాళ్లకు నచ్చలేదు.)

ఏటా ఒక ఆదివారం ఊరి బయటి చాట్స్‌వర్త్ నుంచి పాత వీధివాళ్లు వచ్చి ఆ ఇంటి పెరట్లో గంగమ్మ పూజ చేసుకుంటారు. వంట సావీది. తిరిగి వచ్చి తట్టడానికి వీధిలో వాళ్లకు మిగిలిన తలుపు అదొక్కటే.

నడక యాత్ర మొదలైన కొత్తలో భార్యాభర్తలు శనివారం పూట తలుపు వేసుకుని కూర్చునేవారు. వాళ్లింట్లో మాట ఇంగ్లీషు. వంట, పూజ, తిట్లు తెలుగు.

"వీళ్లంతా వచ్చి తల వంచుకుని నిలబడుతున్నారు. మనింట్లో ఎవరు పోయారు?" అనేవాడు కిష్టసామి కిటికీలోంచి చూసి.

"ఇంకా ఎవరూ పోలేదు. నువ్వు కుర్చీలో కూర్చునే తీరు చూసి అనుకుంటున్నారు," అనేది సావీ.

మార్చి 9న వాన పడుతోంది. అందుకని ఆమె తలుపు తీసింది.

ఆ పన్నెండు మందిలో వాసుదేవరావు, రత్నకుమారి దంపతులున్నారు. ఆయన ఇంజనీరు, కిందటేడు డర్బన్ పక్కనున్న టోంగాట్‌కు ఉద్యోగం మీద వచ్చాడు. ఆమె తెలుగు ఎమ్మే చదివింది, కాకినాడలో నాటకాలాడింది. ఇక్కడ ఆమె వీసా ఉద్యోగానికి ఒప్పుకోదు. బొట్టు చూసి సావీ ఆమెతో తెలుగులో మాట్లాడింది.

"ఏ వూరు మీది, పిల్లా?"

"కాకినాడండీ. మీకు తెలుగొచ్చా!"

"వస్తది కొంచెం. కాళ్లు తుడుసుకో ముందు. కూసో. గారె తిను."

"ఏవండీ, విన్నారా? గారె అంటున్నారు!"

"గారెని గారె అనక ఏం అంటది?" సావీ భర్త వైపు తిరిగింది. "ఓరి మొద్దూ, స్టూలు తే! వానలో నిలబెట్టినావు జనాన్ని."

"నేనా నిలబెట్టింది? ఆ జెండావాడు," అన్నాడు కిష్టసామి ఇంగ్లీషులో.

"ఆంటీ, ప్లీజ్," అన్నాడు హెరాల్డ్. "మౌనం ఇంకా అయిపోలేదు."

"నువ్వూ ఒకటి తిను, బాబూ. నోట్లో గారె ఉంటే మౌనమే కదా."

హెరాల్డ్ తిన్నాడు. దీని మీద తరువాత వేరే విచారణ జరిగింది.

టోంగాట్‌కు తిరిగి వెళ్తూ కారులో వాసుదేవరావు ఒక సందేహం వెలిబుచ్చాడు. "ఆ ఇల్లు ఖాళీ అన్నారుగా. ఆవిడ నటి అంటావా? మరి గోడ మీద ఆ పెళ్లి ఫోటో?"

"సెట్ వేసేవాళ్లు ఫోటో మరిచిపోతారా అండీ," అంది రత్నకుమారి.

సోమవారం ఆమె మండలికి ఫోను చేసి అభినందించింది. మార్కెట్ వాసన భరించలేకపోయామనీ, చివరి ఇంట్లో పెట్టిన నటి మాత్రం అద్భుతమనీ చెప్పింది. నూరేళ్ల కిందటి పల్లె తెలుగుట. మాటల్లో అక్షరాలు ఎక్కడ ఎగిరిపోవాలో అక్కడే ఎగిరిపోయాయిట. "అంత శ్రద్ధగా ఎవరు నేర్పించారండీ?" అని అడిగింది.

ఫోను ఎత్తిన మనిషి ఆడ్రీ, మండలిలో సందర్శన నాణ్యతాధికారి. మండలి ఏ నటినీ పెట్టలేదు. కనుక అనుమతి లేని నటి ఒకతె, రక్షిత ఖాళీ స్థలంలో చొరబడి, నివాసిగా నటిస్తూ, నూనె కాగబెడుతోందని ఆడ్రీ నిర్ధారణకు వచ్చింది. బుధవారం స్వయంగా వెళ్లింది.

"మిసెస్ నాయుడు, మీరు ఈ పాత్ర ఎప్పటి నుంచి వేస్తున్నారు?"

"ఏ పాత్ర?"

"ఇక్కడ ఉంటున్న గృహిణి పాత్ర."

"పెళ్లయినప్పటి నుంచి," అన్నాడు కిష్టసామి. "ఇంకా సరిగ్గా రాలేదు."

సావీ కరెంటు బిల్లు చూపించింది. అది పంపు హౌస్ పేరున ఉంది. నీళ్ల బిల్లు చూపించలేకపోయింది. పంపుకు నగరం నీళ్లు అమ్మదు.

"ఒక్కరూ మిగల్లేదని హెరాల్డ్ ప్రతి శనివారం చెప్తున్నాడు. మీరు మిగిలితే అతను అబద్ధమాడినట్టు అవుతుంది," అంది ఆడ్రీ.

"అయితే అతనికి ఇంకో మాట రాసివ్వండి."

"ఆ వాక్యాన్ని బాధితుల సంఘాలన్నీ కూర్చుని ఆమోదించాయి. ఒక్కో మాటకు ఒక్కో సమావేశం పట్టింది."

"మమ్మల్ని పిలవలేదే?"

"మిమ్మల్ని ఖాళీ చేయించలేదు కదా, మిసెస్ నాయుడు," అంది ఆడ్రీ. ఆమె గొంతులో కోపం లేదు. పాత ప్రభుత్వపు అధికారులు అరిచేవారు. కొత్త అధికారులకు ఓదార్చడంలో శిక్షణ ఇచ్చారు.

ఇల్లు తమదని రాయించుకోవడానికి సావీ భూములు వాపసు ఇచ్చే కార్యాలయానికి వెళ్లింది. అక్కడి గుమాస్తా ఐరీన్ ఆమె చెప్పింది ఆసాంతం విన్నది.

"ఎప్పుడు పోయింది ఇల్లు?"

"పోలేదు. అందులోనే ఉన్నాం."

"ఐకోనా, కాదు ఆంటీ, అలా కుదరదు. పోయినవాళ్లకే వాపసు. ముందు పోవాలి."

"పోతే ఎన్నాళ్లకు ఇస్తారు?"

"అది పోయాక చెప్తాం."

ఈలోగా మండలి ఒక దారి చూపించింది. (కఠినంగా ఉండడం తమ విధానం కాదని ఆడ్రీ రెండుసార్లు చెప్పింది.) పద్నాలుగో నంబరులో అధికారికంగా ఒక నటిని పెడతారు. పాత్ర పేరు సావీ నాయుడు, 1966లో ఇల్లు పోగొట్టుకున్న గృహిణి. ఆ పాత్రకు సావీ నాయుడు కూడా పోటీ పడవచ్చు. ఎంపికైతే శనివారాలు పది నుంచి పన్నెండు వరకు ఇంట్లో ఉండే హక్కు వస్తుంది. మిగతా వేళల సంగతి తరువాత ఆలోచిస్తారు.

మే నెలలో మండలి కమిటీ ఒకటి ఆ ఇంట్లోనే పరీక్ష పెట్టింది. లారీలు వచ్చిన రోజును అభినయించమన్నారు.

"ఆ రోజు నేను బట్టలుతుకుతున్నా," అంది సావీ ఇంగ్లీషులో. "లారీలు వచ్చినాయి. మా తోడికోడలు బీరువా లారీలో పట్టలేదు. నా ఇంట్లో పెట్టి పోయింది. ఇంకా ఉంది."

"కొంచెం భావంతో చెప్పగలరా?"

"దుమ్ము లేచి బట్టలన్నీ పాడైనాయి. మళ్లీ ఉతికినా."

"ఏడుపు రాలేదా?"

"సాయంత్రం వచ్చింది. వీధిలో ఒక్క పొయ్యి కూడా వెలగలేదు. వాసన లేదు. ఎవరి ఇంట్లో ఏం కూరో తెలియలేదు."

కమిటీ ఆ మాట రాసుకోలేదు. ఏడుపు వేళ తప్పిందని రాసుకుంది. అదే పాత్రకు పోటీ పడ్డ రత్నకుమారి ఆ తరువాత వచ్చింది. ఆమె గుమ్మాన్ని కౌగిలించుకుని, తెలుగులో శోకాలు పెట్టి, రెండు చెంపల మీదా ధారగా ఏడ్చింది. కమిటీలో ఇద్దరికి తెలుగు రాదు. మూడో ఆయనకూ రాదు. అందరూ కంట తడి పెట్టి పాత్ర ఆమెకే ఇచ్చారు. ఆమెకు జీతం ఉండదు కాబట్టి వీసాకూ అభ్యంతరం లేకపోయింది.

"ఆ పెద్దావిడకు అన్యాయం జరగలేదు కదండీ?" అని రత్నకుమారి అడిగింది.

"ఆమెకు చాట్స్‌వర్త్‌లో వసతి ఇచ్చాం," అంది ఆడ్రీ. అది నిజం.

జూన్ మొదటి వారంలో లారీ వచ్చింది. రక్షిత స్థలంలో పొయ్యి వెలిగించరాదు, మంచం వేయరాదు. కాబట్టి సమస్య పరిష్కారమయ్యే దాకా తాత్కాలిక వసతి ఏర్పాటు చేశారు. డ్రైవరు లెస్లీ టోపీ తీసి నమస్కరించాడు. కూలీలు ప్రతి సామాను ఎత్తే ముందు క్షమించమన్నారు.

"ఎక్కడికి?" అన్నాడు కిష్టసామి.

"చాట్స్‌వర్త్, అంకుల్."

"మా అన్ననూ అక్కడికే తోలారు. ఇన్నేళ్లలో మీకు ఇంకో ఊరు దొరకలేదా?"

"రోడ్డు బాగైంది, అంకుల్," అన్నాడు లెస్లీ.

తోడికోడలి బీరువా లారీలో పట్టింది. దాన్ని దించేశారు. అది ప్రదర్శనలో భాగమైంది.

ఆ ఏడాది గంగమ్మ పూజకు పెరటిని ఒక ఆదివారం ఇమ్మని వీధివాళ్లు మండలిని కోరారు. ఒక్కరూ తిరిగి రాలేదన్న వాక్యానికి అది విరుద్ధమని మండలి జవాబిచ్చింది. పూజ చాట్స్‌వర్త్ ఫ్లాట్ల కింద, కార్లు ఆపే చోట జరిగింది. సావీ వంట చేసింది. పై అంతస్తువాళ్లు పొగ వస్తోందని ఫిర్యాదు చేశారు.

ఆ మరునాడు సావీ మళ్లీ ఐరీన్ దగ్గరికి వెళ్లింది.

"ఇప్పుడు పోయింది," అని చెప్పింది.

"ఇప్పుడు పోతే లెక్కలోకి రాదు, ఆంటీ. పాత చట్టం కింద పోవాలి," అంది ఐరీన్. తరువాత మండలికి ఫోను చేసింది. పద్నాలుగో నంబరుతో సహా వీధి మొత్తాన్ని 1966లోనే ఖాళీ చేయించారని మండలి రాతపూర్వకంగా ధ్రువీకరించింది. దరఖాస్తు తీసుకున్నారు. ఇల్లు పోయిన సంవత్సరం దగ్గర 1966 అని వేసి సావీ సంతకం చేసింది.

"వస్తుందా?" అని కిష్టసామి బయట అడిగాడు.

"పోయినట్టు నమ్మినారు. అది చాలు. ఇంక వస్తది," అంది సావీ.

జులై 6, శనివారం ఆ కార్యాలయం నుంచి సావీ నాయుడు పేరున రిజిస్టర్డు ఉత్తరం వచ్చింది. దరఖాస్తు విచారణకు అర్హమైనదనీ, ముప్పై రోజుల్లోగా స్వయంగా హాజరు కాకపోతే హక్కు శాశ్వతంగా రద్దవుతుందనీ అందులో ఉంది. ఉత్తరాన్ని పోయిన ఇంటి చిరునామాకే పంపడం నిబంధన. పోస్ట్‌మన్ పంపు లేన్‌కు వెళ్లేసరికి యాత్ర నడుస్తోంది. సావీ నాయుడు ఎవరని అడిగాడు. హెరాల్డ్ జెండాతో చూపించాడు. రత్నకుమారి సంతకం పెట్టి తీసుకుని, ఉత్తరాన్ని బీరువాలో మిగతా ప్రదర్శన వస్తువులతో పాటు పెట్టింది.