పదకొండున్నరకి రావలసిన స్వాతంత్ర్యం

ఆగండి, ఆగండి, పేజీ తిప్పకండి. ముందు నేను చెప్పేది వినండి, తర్వాత మీ ఇష్టం.

ఈ ఆగస్టు పదిహేనున మా పంచాయతీ ప్రెసిడెంటు జయరామన్ మామ మైకులో చారిత్రక ప్రకటన చేశారు. "దేశానికి స్వాతంత్ర్యం వచ్చేదానికి రెండు వందల ఏండ్లు పట్టింది. మన ఊర్లో ఇరవై నిమిషాల్లో తెప్పిస్తా ఉండాము. కరెక్టుగా పదకొండున్నరకి!"

చప్పట్లు. నేనైతే విజిల్ కూడా వేశాను.

మాది తమిళనాడులో ధర్మపురి జిల్లా, మొరప్పూర్ స్టేషన్ నుంచి బస్సులో అరగంట. ఆరోజు గ్రామసభ. ఊరంతా ఒకచోట కూర్చుని తన సంగతి తానే తేల్చుకునే రోజు. మామ ఎంత ఫాస్టంటే, హాజరు సంతకాలు ముందురోజే ఇంటింటికీ తిరిగి పెట్టించేశారు. తీర్మానాలు కూడా ముందే టైపయ్యాయి. ఏడో తీర్మానం: "తాగునీటి కొరత లేనందుకు గ్రామం ఏకగ్రీవంగా సంతోషిస్తున్నది." ఇంత ఎఫిషియెన్సీ నేను చదివిన చెన్నైలో కూడా చూడలేదు, ప్రామిస్! సభ మొదలవకముందే అయిపోయింది కాబట్టి మిగిలిన టైములో నాటకం. పేరు 'బానిసత్వం నుంచి స్వపరిపాలన దాకా'.

తెల్ల కలెక్టరు నేనే. ఊళ్ళో గడగడా ఇంగ్లీషు మాట్లాడేది నేనొక్కణ్ణే మరి. కాలేజీ ఫేర్‌వెల్ కోటు, అద్దె టోపీ, అర డబ్బా పౌడరు. స్క్రిప్టు సింపుల్. రైతు వేషంలో శక్తివేల్ అర్జీ ఇస్తాడు, నేను చింపేస్తాను, అతను నన్ను స్టేజీ దింపేస్తాడు, మామ జెండా ఎగరేస్తారు. ముందు వరుసలో బ్లాక్ ఆఫీసు నుంచి శశికళ మేడం. రెడీగా ఉన్న తీర్మానాల మీద వేయడానికి రెడీగా సీలు కూడా తెచ్చారు.

నేను కుర్చీలో కాలు మీద కాలు వేసుకున్నాను. శక్తివేల్ ఇంకా పంచె సర్దుకుంటూనే ఉన్నాడు. అంతలో కెంపమ్మవ్వ స్టేజీ ఎక్కింది. చేతిలో నిజం అర్జీ కాగితం.

"దొరా, నువ్వు ఉండేది ఇంకా పది నిమిషాలేనంట కదా. పోయేలోపల దీంట్లో ఒక సంతకం పెట్టేసి పో."

"అవ్వా, నేను ముఖేశ్‌ని! వేదవల్లి కొడుకుని!"

"తెలుసులేరా. ఆ కుర్చీలో ఉండావు కదా, చాలు. మా వీధి బోరు మోటరు కాలిపోయి మూడు నెలలాయ. బిందెలు మోసి మోసి మోకాళ్ళు పోయినాయి. ప్రెసిడెంటు బ్లాక్ ఆఫీసుకి పో అనె. ఆడ గ్రామసభలో చెప్పు అనిరి. ఈడికి వస్తే, అది నిన్ననే అయిపోయిందంట!"

స్క్రిప్టు ప్రకారం చింపాలి. నేను చదివాను. చిన్న పొరపాటే.

"చదువుతా ఉండాడు పా!" వెనకనుంచి ఎవరో అరిచారు. "పైనించి కింద దాకా చదువుతా ఉండాడు!"

అంతే. రెండు నిమిషాల్లో క్యూ స్టేజీ నుంచి రేషన్ షాపు దాకా సాగింది. మామ మైకు లాక్కున్నారు. "టైమాయ! దొరని దింపండి! స్వాతంత్ర్యం వచ్చేయాల!"

"వస్తుందిలే అన్నా, ఏం తొందర?" అంది క్యూలోంచి పంచవర్ణం. "ఇంకా పద్నాలుగు మందిమి ఉండాము."

"శక్తివేల్ యాడ?"

"క్యూలో ఉండాను మామా! మా నాయన సచ్చిపోయి రెండేండ్లాయ. ఆఫీసు లెక్కల్లో ఇంకా బతికే ఉండాడు!"

నేను అవ్వ కాగితం మీద ఇంగ్లీషులో 'వెంటనే చర్య తీసుకోవలెను, కలెక్టర్' అని రాసి సంతకం కొట్టాను. అవ్వ దాన్ని తీసుకుపోయి శశికళ మేడం ముందు పెట్టింది. మేడం సంతకం చూశారు. నన్ను చూశారు. మళ్ళీ సంతకం చూసి, లేచి నిలబడి, సీలు తీసి ఠపీమని కొట్టారు! వెంటనే మోటరు మెకానిక్‌కి ఫోను. "కలెక్టర్ ఆర్డరు. ఇప్పుడే బయల్దేరు."

స్పీకర్లో మెకానిక్ గొంతు అందరికీ వినబడింది. "కలెక్టర్ ఇంకా ఆడనే ఉండారా మేడం? ఉంటేనే వస్తాను. ఆయన లేచి పోయినారంటే బండి తిప్పేస్తాను."

"ఉండాడు, ఉండాడు!" అవ్వ నా కోటు పట్టుకుంది. "లేస్తివంటే చూడు, కాళ్ళిరగ్గొడతాను."

మేడం ఫోను పెట్టేసి, హ్యాండ్‌బ్యాగులోంచి మడత కాగితం తీశారు. "సార్, నాకు అదియమాన్‌కోట్టైకి ట్రాన్స్‌ఫర్. మూడేళ్ళుగా అడుగుతున్నా." తెలిసే అన్నారో తెలియక అన్నారో గానీ, సార్ అన్నారు.

ఆవిడ వెనకాల జయరామన్ మామ స్టేజీ ఎక్కారు. నన్ను దింపడానికే అనుకున్నాను. దగ్గరికొచ్చి, భుజం మీది తువ్వాలు తీసి చంకలో పెట్టుకుని, జేబులోంచి కాగితం తీశారు.

"ముఖేశూ, ఊరి రోడ్డుకి నాలుగుసార్లు రాసినాను పైకి. ఒకడూ చదవలే. నువ్వు కొంచెం..."

టైము పన్నెండుంపావు. స్తంభం కింద జెండా ఇంకా మడతలోనే ఉంది. నేను లేస్తే గానీ అది ఎగరదు. మెకానిక్ మొరప్పూర్ దాటాడట. మీరే నా చోట ఉంటే ఏం చేసేవారు?