గంగాళంలో చన్నా

ఆ శనివారం గోవర్ధన్ వేసుకున్న పథకంలో చిక్కేమీ లేదు. పొద్దున కాలేజీలో ఒక పెద్దాయనకు చేపలు చూపించాలి. సాయంత్రం ఇంట్లో ఒక పెద్దావిడకు తాను కనిపించాలి. రెంటికీ నడుమ ఇంటికొచ్చి, స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకోవడానికి కావలసినంత వ్యవధి ఉంది.

మానుకోట అప్పట్లో తొందర ఎరగని ఊరు. రైలు కూత విన్నాక ఇంట్లోంచి బయల్దేరినా రైలు అందేది. గంజ్‌లో మిరపకాయ బస్తాలు దిగిన రోజు ఊరంతా కలిసి తుమ్మేది. ఆ గంజ్ మూలమీది కిరాణా దుకాణం గోవర్ధన్ వాళ్లదే. అన్న నర్సింగరావు గల్లా ముందు కూర్చునేవాడు, తమ్ముడు కాలేజీలో జువాలజీ చెప్పేవాడు. అరవై తొమ్మిది తెలంగాణ ఆందోళనలో కాలేజీలు మూతబడి తమ్ముడికి ఒక ఏడాది పోయింది. ఆ తర్వాత ఉద్యోగం కోసం తిరగడంలో ఇంకొన్నేళ్లు పోయాయి. దొరికిన ఉద్యోగం కూడా ఇంకా పర్మనెంటు కాలేదు. పెండ్లి వయసు మాత్రం ఎవరికోసమూ ఆగలేదని తల్లి ఈశ్వరమ్మ దిగులు.

ఆమెకు ఇంకో దిగులు కూడా ఉంది. ఉల్లిగడ్డ కూడా వారం చూసి తరిగే ఇంట్లో పుట్టినవాడు కప్పలనూ చేపలనూ కోసే చదువు చదివాడు. ఆమె కాదనలేదు గానీ ఒక షరతు పెట్టింది.

"బయట నువ్వేం కోసుకుంటవో నాకెరుకలేదు బిడ్డా. ఇంట్ల మాత్రం వాటి పేరెత్తకు."

గోవర్ధన్ మాట తప్పలేదు. గడప లోపల అన్నిటికీ శాస్త్రీయ నామాలే వాడాడు. కప్పకు రాణా అని పేరు. ఒకనాడు అలసిపోయి వచ్చి "ఇయ్యాల పొద్దంత రాణాతోనే సరిపోయిందవ్వా" అంటే, ఎవరో ఉత్తరాది లెక్చరర్ అనుకుని, "పాపం, ఒక్కడే ఉంటడేమో. ఒకనాడు బువ్వకు పిలువు" అంది ఈశ్వరమ్మ. ఆ పిలుపు తప్పించడానికి గోవర్ధన్‌కు ఏడాది పట్టింది. అలాగే కొర్రమట్టకు, దాని దగ్గరి చుట్టాలైన మరికొన్ని మంచినీటి చేపలకు కలిపి శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు చన్నా.

కథంతా ఆ పేరు దగ్గరే మొదలైంది.

కాలేజీకి డిగ్రీ తరగతులు ఇవ్వవచ్చో లేదో చూడటానికి యూనివర్సిటీ నుంచి ఒక అధికారి వస్తున్నాడు. జువాలజీ డిగ్రీ వస్తే గోవర్ధన్ ఉద్యోగం గట్టిపడుతుంది. ప్రిన్సిపాల్ ల్యాబుకు ఒక గాజుతొట్టి తెప్పించాడు. అందులో బతికున్న కొర్రమట్టలను వదిలితే బాగుంటుందని గోవర్ధన్ సలహా ఇచ్చాడు. నీళ్లలో ఉంటూనే పైకొచ్చి గాలి మింగే చేప అది. ఒడ్డున పడేసినా, ఒంటి తడి ఆరనంతసేపు చావదు. సీసాల్లో మందునీళ్లలో తేలే బొమ్మల్లాంటి చేపలను చూసి విసిగిన అధికారికి ఇది కనులపండువ అవుతుందని అతని ఆశ.

ల్యాబు అటెండరు ధన్‌సింగ్ తండా నుంచి రోజూ సైకిల్ మీద వస్తాడు. అతను పని కోసం ఇంటికి వచ్చినప్పుడు ఈశ్వరమ్మ అరుగు మీద బియ్యం చెరుగుతోంది. గోవర్ధన్ గొంతు తగ్గించాడు.

"శనివారానికి పది చన్నా కావాలె ధన్‌సింగ్. పెద్దయి చూడు."

ఏళ్ల తరబడి ల్యాబులో ఉన్నవాడు కనుక ధన్‌సింగ్‌కు వెంటనే అర్థమైంది. లోపల వక్కలు కత్తిరిస్తున్న నర్సింగరావుకు అంతకంటే వెంటనే అర్థమైంది. శనివారం వచ్చే అధికారికి పెట్టడానికి తమ్ముడికి శనగలు కావాలి. ఇంత దుకాణం పెట్టుకుని, సొంత అన్నను అడగడానికి మొహమాటపడి, అటెండరుకు చెబుతున్నాడు. నర్సింగరావుకు కొంచెం మనసు చివుక్కుమంది. ధన్‌సింగ్‌ను వీధి మలుపులో ఆపాడు. అక్కడ జరిగిన సంభాషణ గోవర్ధన్‌కు తర్వాత ఇద్దరి నోటా విన్నాకే తెలిసింది.

"ధన్‌సింగ్, తమ్ముడు చనా తెమ్మన్నడా?"

"అవు సేటు. పది."

"గంతదానికి బయటికెందుకు పోవుడు? నేను పంపిస్త."

"మీ దుకాణంల దొర్కుతయా సేటు?"

"మా తాత కాలం నుంచి అమ్ముతున్నం."

ధన్‌సింగ్ ఆ ఇంటిని కొత్త కళ్లతో చూశాడు. బయటికి ఎంత నిష్ఠగా కనిపించే మనుషులు.

"సచ్చినయి పనికిరావు సేటు. పానంతోని ఉండాలె."

"పుచ్చులు మా దగ్గర ఉండయి. నీళ్లల్ల ఏస్తే పొద్దటికి మొలకలొస్తయి."

ఇది ధన్‌సింగ్‌కు అంతు పట్టలేదు. అయినా సేటుకు ఎదురు చెప్పలేక, "నేను గూడ కొన్ని తెస్త సేటు. మా తండ చెరువులయి. నీళ్లు తగ్గినయి, మంచిగ దొర్కుతున్నయి" అన్నాడు.

చెరువు ఎండిన మట్టిలో శనగ వేస్తే గింజ గట్టిగా వస్తుందని నర్సింగరావుకు తెలుసు. "అట్లనా. అవి మా ఇంట్ల దించు. జనగామ చుట్టాలొస్తున్నరు, పనికొస్తయి. పెరట్ల బాయికాడ గంగాళం ఉన్నది" అన్నాడు.

శుక్రవారం రాత్రే ఈశ్వరమ్మ పది కిలోల శనగలు నానబోసింది. అంత పెద్ద అధికారికి పచ్చి శనగలు పంపడం మర్యాద కాదని నర్సింగరావు అభిప్రాయం. శనివారం పొద్దున అవి కొబ్బరి ముక్కలు, ఎండుమిర్చి, కరివేపాకు తాలింపుతో గుడాలయ్యాయి. గోవర్ధన్ అప్పటికే కాలేజీకి వెళ్లిపోయాడు.

అధికారి కోస్తా మనిషి. తెల్లని ప్యాంటు, సన్నని మీసం. ల్యాబంతా చూసి, ఖాళీ గాజుతొట్టి దగ్గర ఆగాడు.

"ఇందులో ఏం పెడతారండీ?"

"చన్నా సార్. బతికున్నయి. ఇప్పుడే వస్తున్నయి" అన్నాడు ప్రిన్సిపాల్.

సరిగ్గా అప్పుడే దుకాణం హమాలీ ఒకతను నెత్తిన గుండిగతో లోపలికి వచ్చాడు. "సేటు పంపిండు. చనా" అని బల్ల మీద దించి, మూత తీశాడు. ఆవిరి లేచింది. తాలింపు వాసన సీసాల్లోని చేపల దాకా పోయింది.

అధికారి గుండిగలోకి వంగి చూశాడు. "బతికున్నవన్నారు?"

గోవర్ధన్ కళ్లు ధన్‌సింగ్ కోసం వెతికాయి. ప్రిన్సిపాల్ ఇంతకంటే పెద్ద తనిఖీలు దాటినవాడు. "ముందు ఫలహారం సార్. ఇది మా మానుకోట పద్ధతి" అంటూ విస్తరాకు తెప్పించాడు.

గోవర్ధన్ ధన్‌సింగ్‌ను వరండాలోకి లాగాడు. "చేపలేవి?"

"మీ ఇంట్లనే దించిన సారు. సేటు చెప్పిండు. గంగాళంల పోసి మూత పెట్టిన."

గోవర్ధన్ సైకిలెక్కాడు. అంత ఎండలో అంత వేగంగా లెక్చరర్లు సైకిల్ తొక్కగా ఆ వీధి చూసి ఉండదు. తల్లి మూత తీయకముందే చేరాలన్నది ఒకటే ఆలోచన. గడప దగ్గర మాత్రం ఆగిపోవలసి వచ్చింది. గుమ్మం ముందు తెలియని చెప్పులు వరసగా ఉన్నాయి.

సాయంత్రం వర్జ్యం ఉందని జనగామవాళ్లు పొద్దుటి బండికే వచ్చేశారు. ముందుగదిలో కుర్చీలో గోవర్ధన్‌కు చూసిన అమ్మాయి అరుణ తండ్రి, చాప మీద గోడకు ఆనుకుని అరుణ నాయనమ్మ వెంకటనర్సమ్మ. సంబంధం తేల్చేది ఆవిడే. చాయ్ సాసర్లో పోసుకుని తాగాడని ఒక పిల్లవాణ్ని, వంటింట్లోంచి ఎల్లిగడ్డ వాసన వచ్చిందని ఇంకొకణ్ని వద్దన్న మనిషి.

"పిల్లగాడు గిట్ల చెమటలు గార్చుకుంట ఉరికొచ్చిండేంది?" అంది ఆవిడ, అతన్ని కాకుండా అతని వెనక గోడను చూస్తూ.

"మీరొచ్చిన్రని తెలిసి ఉంటదమ్మా" అన్నాడు నర్సింగరావు గర్వంగా.

గోవర్ధన్ నమస్కారం పెట్టి, "జర కాళ్లు కడుక్కొనొస్త" అని పెరటి వైపు కదిలాడు. అప్పటికే ఆలస్యమైంది. చుట్టాలకు నీళ్లు ముంచడానికి పోయిన వదిన సుగుణ గంగాళం మూత తీసింది. తర్వాత ఆమె వేసిన కేక గంజ్ దాకా వినబడిందని చెప్పుకున్నారు.

గంగాళం బోర్లపడి ఉంది. పది కొర్రమట్టలు బండల మీద పాముల్లా ఈడ్చుకుంటూ నలుదిక్కులా పోతున్నాయి. గోవర్ధన్ ఒకదాని మీదికి వంగాడు. ఆ క్షణంలో అతనికి ఒక సంగతి స్ఫురించింది. ఇన్నేళ్ల చదువులో, ఇన్నేళ్ల ఉద్యోగంలో, అతను పట్టుకున్నవన్నీ చచ్చిన చేపలే. బతికున్నది ఇదే మొదలు. అది అతని వేళ్లలోంచి జారి, గడప దాటి, ముందుగదిలోకి పోయి, అరుణ తండ్రి కుర్చీ కింద ఆగింది. ఆయన కాళ్లు రెండూ పైకి పెట్టుకున్నాడు. ఈశ్వరమ్మ వంటింటి గుమ్మంలో నిలబడిపోయింది. చేతిలోని గుడాల పళ్లెం ఒరిగి ఒక్కొక్క శనగా నేల మీద రాలుతోంది.

గోవర్ధన్‌కు తన పెండ్లి, ఉద్యోగం, తల్లి నమ్మకం మూడూ ఆ కుర్చీ కిందే కనిపించాయి.

వెంకటనర్సమ్మ లేచింది. వెళ్లిపోవడానికే అనుకున్నారందరూ. ఆవిడ చీర కుచ్చెళ్లు పైకి దోపుకుంది. భుజం మీది తువ్వాల తీసి చెంబులో తడిపింది.

"కాళ్లు ఆడియ్యకురా" అని కొడుకును గదిమి, కుర్చీ ముందు కూర్చుని, తువ్వాలతో చేప నెత్తి వెనక ఒడిసి పట్టుకుంది. అది తోకతో ఆవిడ ముంజేతిని రెండు దెబ్బలు కొట్టింది. ఆవిడ ముఖంలో అప్పటిదాకా ఎవరూ చూడని నవ్వు వచ్చింది.

"అమ్మా, ఇదేందే?" అన్నాడు కొడుకు.

"మా నాయిన దుకాణం గంగారంల, అడవి నడుమ ఉండె గదరా. వానకాలం వాగొస్తే దారి బందయ్యేది. బేరాలుండకపోయేది. నేను, గంగి అని నా జోడు పిల్ల, వాగుకాడికి పోతుంటిమి. పట్టుడు, ఇడ్సుడు. తినలే, నీ మీద ఒట్టు." ఆవిడ చేపను పెరట్లోకి తీసుకుపోయి, గోవర్ధన్ నిలబెట్టిన గంగాళంలో వదిలి, చేతుల వైపు చూసుకుంది. "లగ్గమైనంక ఈ ముచ్చట ఎవ్వలకు చెప్పలే. మీ నాయినకు గూడ. చేతులకు యాదికున్నది చూడు."

ఆవిడ ఒక్కొక్కటే పట్టింది. గోవర్ధన్ వెనక వెనకే నీళ్లు మోశాడు. తొమ్మిదోది గంగాళంలో పడ్డాక ఈశ్వరమ్మ గొంతు సవరించుకుంది. "పెద్దమ్మా, ఇంకొకటి రోలెనక నక్కింది... గా చన్నా" అంది మెల్లగా.

అన్నీ దొరికాక సుగుణ వెంకటనర్సమ్మ చేతులకు నీళ్లు పోయబోతే ఆవిడ ఆపింది. అరచేతులు ముక్కు దగ్గర పెట్టుకుని కాసేపు కళ్లు మూసుకుంది. ఎక్కడో అడవిలో వాన మొదలైన ముఖం. తర్వాత ఆవిడే, "ఇగ నీళ్లు పొయ్యి" అంది.

ఆ మధ్యాహ్నం జనగామవాళ్లు తిరుగు బండికి బయల్దేరారు. గోవర్ధన్ మూత బిగించిన బకెట్‌తో కాలేజీకి ఉరికితే, అధికారి అప్పుడే స్టేషన్‌కు పోయాడని చెప్పారు. ఒకే బండి. ప్లాట్‌ఫారం మీదికి చేరేసరికి కూత వేసింది. ఒక కిటికీలో అధికారి, రెండు పెట్టెల అవతల కిటికీలో వెంకటనర్సమ్మ.

"సార్, చన్నా" అంటూ గోవర్ధన్ బకెట్ పైకెత్తాడు.

అధికారి పొట్ట మీద చెయ్యి వేసుకున్నాడు. "వద్దండీ బాబూ. ఇప్పటికే రెండు విస్తళ్లు తిన్నాను. మావాళ్ల కోసం పొట్లం కూడా కట్టించుకున్నాను." బకెట్ వైపు చూడనైనా చూడలేదు. బండి కదిలింది.

రెండో కిటికీ అతని ముందుకు వచ్చేసరికి గోవర్ధన్ బకెట్ కింద పెట్టి నిలబడ్డాడు. వెంకటనర్సమ్మ తల బయటికి పెట్టింది.

"బిడ్డా, వాటిని యాడ పట్టిన్రో ఆడనే ఇడ్సిపెట్టు. పిల్లనిచ్చినట్టే అనుకో. మా అరుణకు ఈత గూడ రాదు, మీ ఇంట్లనన్న ఏదన్న నేర్సుకుంటది."

చేపలను ధన్‌సింగ్ ఆ సాయంత్రమే తండా చెరువులో వదిలాడు. వైశాఖంలో జనగామలో పెండ్లి జరిగింది. పెండ్లిలో ముసలావిడ మనవరాలి చేయి అతని చేతిలో పెడుతూ, గట్టిగా పట్టుకొమ్మని చెప్పింది. ఆ వేసవి మాట వస్తే గోవర్ధన్ ఇప్పటికీ అధికారిని కాదు, అరచేతులు ముక్కు దగ్గర పెట్టుకున్న ఆ ముఖాన్నే తలచుకుంటాడు.

వానలు పడ్డాక యూనివర్సిటీ నుంచి కాగితం వచ్చింది. కళాశాలలోని ఏర్పాట్లను స్వయంగా పరిశీలించి ఎంతో తృప్తి చెందానని అధికారి రాశాడు, డిగ్రీ తరగతులూ మంజూరయ్యాయి.

బాటనీలో.